రెండో ఫాతిహా

ఆ ఏడాది ఈజిప్టులోని కఫ్ర్ షమ్స్ ఊరి బట్టల మిల్లు కార్మికుల సంఘానికి ఇద్దరు అధ్యక్షులు. మిల్లులో మగ్గాలు సగం మూలపడి ఉన్నా అధ్యక్షులకు మాత్రం కొదవ లేదు. ఒకరు రౌహియా, పెళ్లికి ముందు నుంచీ నేత విభాగంలో మగ్గం నడుపుతున్న మనిషి. ఆమెను మందుల షాపు మీది గదిలో, కుర్చీలు చాలక గోడలకు ఆనుకుని నిలబడ్డ జనం చేతులెత్తి ఎన్నుకున్నారు. రెండో అధ్యక్షుడు ఫిక్రీ, గోదాము గుమాస్తా. వారం తిరక్కుండా అతణ్ణి ఓ పెళ్లి మండపంలో ఎన్నుకున్నారు. ఆ మండపం అద్దె ఎవరు కట్టారో, వచ్చినవాళ్లందరికీ కోడి కాలుతో సహా అన్నం పొట్లాలు ఎవరు పంచారో ఊరంతటికీ తెలుసు. మిల్లు యాజమాన్యాన్ని అడిగితే మాత్రం, కార్మికుల సొంత వ్యవహారాల్లో తాము వేలు పెట్టబోమని చెప్పారు.

రిజిస్ట్రేషన్ కోసం ఇద్దరూ కార్మిక శాఖ కార్యాలయంలో కాగితాలు పెట్టుకున్నారు. అక్కడి అధికారి రెండు కట్టలూ పక్కపక్కన పెట్టుకుని, టీ గ్లాసు కింద పెట్టకుండానే తీర్పు చెప్పేశాడు.

"ఒక సంఘానికి ఒక తలకాయే ఉండాలమ్మా. మీరు రెండు పట్టుకొచ్చారు. ఏది ఉంచాలో కోర్టులో తేల్చుకుని రండి."

రౌహియా కోర్టుకెక్కింది. ఫిక్రీ ఎన్నిక చెల్లదని దావా వేసింది. సంఘంలో సభ్యత్వమే లేని గోదాము కూలీలు, కాపలావాళ్లు, ఇద్దరు ముగ్గురు యాజమాన్యం డ్రైవర్లు కూడా ఆ మండపంలో ఓట్లేశారని ఆమె లాయరు మెద్హత్ తేటతెల్లంగా నిరూపించాడు. జడ్జి రెండుసార్లు తల ఊపాడు కూడా. తీర్పు మనవైపే అని మెద్హత్ ధైర్యం చెప్పాడు గానీ ఎప్పటికని అడిగితే మాత్రం నీళ్లు నమిలాడు.

ఆ ఎప్పటికన్నదే రౌహియా ప్రాణం తోడేస్తోంది. ఆమెకు అధ్యక్ష పదవి మీద మోజేమీ లేదు. ఆ గదిలో కాలు విరిగిన కుర్చీలో కూర్చుని ఎవడి ఓవర్‌టైం ఎందుకు ఎగ్గొట్టారో వినడం తప్ప ఆ పదవిలో ఏ సుఖమూ లేదు. కానీ బహీజా కేసు ఆ పదవికి ముడిపడి ఉంది. బహీజా దూది ఏకే విభాగంలో పనిచేసేది. దుమ్ము లాగే పంకాలు పాడై, దుమ్ము పొగమంచులా కమ్మి, ఓ పిల్ల స్పృహ తప్పి పడిపోయిన రోజున యంత్రం ఆపేసింది బహీజాయే. సమ్మె రేపిందని రాసి ఆమెను గెంటేశారు. సొంతంగా దావా వేసుకునే గడువు, ఇవాళ పిలుస్తాం రేపు పిలుస్తాం అన్న యాజమాన్యం మాటలు నమ్మి ఆమె దాటబెట్టుకుంది. ఇక మిగిలింది సంఘం పేరు మీద వేసిన కేసొక్కటే. సంఘానికి అధ్యక్షుడెవరో తేలేదాకా ఆ కేసును పక్కన పెట్టారు. ఫిక్రీ అధ్యక్షుడైతే ఆ కేసు గతేమిటో ఎవరూ వేరే చెప్పక్కర్లేదు.

బహీజాకు మొగుడు లేడు, ముగ్గురు పిల్లలు. సందు మొగలో బాణలి పెట్టుకుని చిక్కుడు గింజల తామియా వడలు వేసి అమ్మేది. మిల్లు జనం పొద్దున్నే ఆ సందులోంచే పోవాలి. చాలామంది చుట్టు తిరిగి కాలువ గట్టు మీదుగా పోయేవారు. అప్పు పెట్టాల్సి వస్తుందని కాదు, ఆమె మొహం చూడలేక.

రౌహియా మాత్రం రోజూ ఆగేది.

"ఏమైందక్కా?" అని బహీజా బాణలి మీంచి తలెత్తకుండా అడిగేది.

"వాయిదా."

"మళ్లీనా? ఆ జడ్జికి పెళ్లాం బిడ్డలు లేరా, పొద్దు పుచ్చడానికి మన కేసు పెట్టుకున్నాడా?" అని ఓ వడ తుంచి రొట్టెలో పెట్టి ఇచ్చేది. ఆ రొట్టె రౌహియా పొట్లం కట్టుకుని మిల్లుకు పట్టుకుపోయేది.

సరిగ్గా అప్పుడే హాజీ జగ్లూల్ కబురు పంపాడు. ఊళ్లో పొలం గట్టు తగాదా అయినా, అన్నదమ్ముల కత్తిపోట్లు అయినా హాజీ చావిట్లో తెగాల్సిందే. పోలీసులు కూడా సగం కేసులు ఆయన గుమ్మానికే తోలేవారు. ఒక్క సంఘం ఇలా రెండు ముక్కలై పరాయివాళ్ల నోళ్లలో నానడం ఊరికే నామోషీ అనీ, ఇరుపక్షాలూ వచ్చి కూర్చోవాలనీ ఆయన మాట.

మెద్హత్‌కు ఇది నచ్చలేదు.

"పొండి, కాదనను. కానీ ఏం ఒప్పుకున్నా కాగితం మీద రాయించండి. అతని చేత సంతకం పెట్టించండి."

"ఫాతిహా చదివి మాట ఖాయం చేసుకున్నాక సంతకం అడగమంటారా? అడిగితే కూర్చున్నవాళ్లంతా చెప్పులేసుకుని లేచిపోతారు. నీ నోటి మాట మీద నాకు నమ్మకం లేదని మొహం మీద ఉమ్మేసినట్టే అది."

"నేను పుట్టింది కైరోలో లెండి. మాకు సంతకాలతోనే సరిపోతుంది" అన్నాడు మెద్హత్.

"అందుకే మీ ఊళ్లో అన్ని కోర్టులు" అంది రౌహియా. ఆ మాట అన్నందుకు తర్వాత ఆమె చాలాసార్లు నాలుక కరుచుకుంది.

ఆ వారమే హాజీ తల్లి పోయి నలభయ్యో రోజు. చావిట్లో ఇంకా మగ్గిన అగరు వాసన ఉంది. మగవాళ్లంతా గోడవార బెంచీల మీద బారుగా కూర్చున్నారు. రౌహియా, ఆమె పక్కన భుజానికి భుజం ఆనించి బహీజా. చావిట్లో ఆడవాళ్లు ఆ ఇద్దరే. చేదు కాఫీ వచ్చింది. ముందుగా హాజీ తన తల్లి ఆత్మ శాంతికి ఖురాను మొదటి అధ్యాయం, ఫాతిహా చదవమన్నాడు. అందరూ అరచేతులు పైకి విప్పి పెదవులు కదిలించారు, మొహాలు తుడుచుకున్నారు. ఆ తర్వాత అసలు సంగతి మొదలైంది.

ఫిక్రీ ఆ రోజు ఎంత మెత్తగా మాట్లాడాడో చెప్పడానికి లేదు. "రౌహియా నాకు అక్కలాంటిది. ఆమె మీద పోటీ పడ్డానంటే నా కర్మ. పక్కవాళ్లు ఎక్కించారు, ఎక్కాను. ఇప్పుడు దిగుతానంటున్నాను. అక్క దావా వెనక్కి తీసుకోనీండి. మర్నాడే నా కాగితాలు నేను తీసేసుకుంటాను. మళ్లీ ఎన్నిక పెడదాం. నేను నిలబడను. ఎవర్నీ నిలబెట్టను. పోటీ లేకుండా అక్కే అవుతుంది."

"ముందు నువ్వే తీసుకోవచ్చుగా?" అంది రౌహియా.

"కోర్టులో దావా నడుస్తుండగా కాగితాలు ముట్టుకోనివ్వరక్కా. నేనడిగాను."

అది నిజమో కాదో చావిట్లో ఎవరికీ తెలియదు. కానీ హాజీ తల పంకించాడు. హాజీ తల పంకిస్తే తక్కినవాళ్లూ పంకించారు. రౌహియా బహీజా వైపు చూసింది. బహీజా చేతుల మీద నూనె చింది కాలిన మచ్చలు, కొన్ని పాతవి, కొన్ని నిన్నటివి. కోర్టు తీర్పుకింకా ఏడాది పడుతుందేమో. ఇదైతే నెల.

"సరే" అంది.

"అయితే ఫాతిహా" అన్నాడు హాజీ.

రెండోసారి అందరూ అరచేతులు విప్పారు. ఫిక్రీ కళ్లు మూసుకుని చదివాడు. బహీజా చెప్పిన ఆమీన్ అందరికంటే గట్టిగా వినపడింది. రౌహియాకు నవ్వొచ్చింది కూడా.

మర్నాడే ఆమె దావా వెనక్కి తీసుకుంది. మెద్హత్ సంతకం పెట్టే చోటు చూపించాడు.

ఫిక్రీ కాగితాలు తీసుకోలేదు. రౌహియా వారం చూసింది, రెండోవారం చూసింది. మూడోవారం కార్మిక శాఖ కార్యాలయం గోడ మీద నోటీసు అంటించారు. సంఘం ఫిక్రీ అధ్యక్షతన రిజిస్టర్ అయిందని. అదే అధికారి, అదే టీ గ్లాసు.

"ఇప్పుడింక తగువేముందమ్మా? మీరే దావా ఎత్తేశారు. అంటే అతని ఎన్నిక మీద మీకు అభ్యంతరం లేదనే కదా?"

"మా మధ్య ఒప్పందం ఉంది."

"ఉంటే ఇవ్వండి, చూస్తాను."

రౌహియా ఏమిస్తుంది? ఖాళీ అరచేతులా?

ఫిక్రీ కాలువ పక్క కాఫీ హోటల్లో డామినో ఆడుతున్నాడు. ఆమెను చూసి లేచి నిలబడ్డాడు, మర్యాదలో లోటు చేసే మనిషి కాదు.

"కూర్చో అక్కా. టీ చెప్పనా?"

"ఫాతిహా చదివావు ఫిక్రీ."

"చదివాను. కాదన్నానా? కాగితాలు అడిగాను, ఒకసారి పెట్టినవి తిరిగివ్వం అన్నారు. గవర్నమెంటుతో నేను కొట్లాడతానా?"

"ఎప్పుడడిగావు?"

ఫిక్రీ పక్కనున్నవాడు డామినో బిళ్ల బల్ల మీద టక్కున కొట్టి, "మనసులో అడిగుంటాడులే వదినా" అన్నాడు. బల్ల చుట్టూ ఉన్నవాళ్లంతా పగలబడి నవ్వారు. వాళ్లలో ఇద్దరు హాజీ చావిట్లో అరచేతులు విప్పినవాళ్లే.

రౌహియాకు ఒళ్లు తెలియని కోపం వచ్చింది. బల్ల తన్నేద్దామనుకుంది. తన్నితే రేపు అదొక్కటే చెప్పుకుంటారని ఆగింది.

మెద్హత్ మళ్లీ ఫైలు తెరిచాడు. మోసంతో దావా ఎత్తేయించారని కొత్త దావా వేశాడు. ఒప్పందానికి సాక్షులుంటే తెమ్మని జడ్జి అవకాశం ఇచ్చాడు. "ఎక్కువమంది అక్కర్లేదు. గట్టిగా నిలబడేవాళ్లు ఒక్కరున్నా చాలు" అన్నాడు మెద్హత్.

ముందు హాజీ దగ్గరకే వెళ్లింది. మిల్లులో మిగిలిపోయే దూది, తప్పు పడ్డ తానులు గుత్తకు కొనుక్కునేది హాజీయే. ఆ గుత్త ఆ నెలలోనే తిరగరాయాలి. ఆ సంగతి రౌహియాకు తెలుసు. అయినా పెద్దమనిషి కదా అనుకుంది.

"నువ్వూ నా కూతురే, వాడూ నా కొడుకే" అన్నాడు హాజీ, జపమాల తిప్పుతూ. "నేను ఎవరి పక్షాన మాట్లాడను? ఆ రోజు నేను మా అమ్మ దుఃఖంలో ఉన్నాను తల్లీ. ఏం జరిగిందో కూడా నాకు సరిగ్గా గుర్తు లేదు."

"ఫాతిహా మీరే చదవమన్నారు హాజీ."

"అన్నాను. మా అమ్మ కోసం."

అప్పటికైనా రౌహియాకు అర్థం కావలసింది. కాలేదు. ముసలాయన మతిమరుపు అనుకుని బయటికొచ్చింది.

కాళ్లకు బలపం కట్టుకుని చావిట్లో కూర్చున్న ప్రతివాడి గుమ్మమూ తొక్కింది. ఒకడికి ఆ వేళకే పొలం పని పడింది. ఒకడు తప్పకుండా వస్తానని, రాకపోతే ఏమీ అనుకోవద్దని కూడా చెప్పాడు. ఒకావిడ మొగుడు ఊళ్లో లేడంది, ఆ మొగుడు తలుపు వెనక దగ్గుతూనే ఉన్నాడు. వీళ్లే కదా మందుల షాపు మీద గదిలో తన కోసం చేతులెత్తిందని తలుచుకుంటే ఆమెకు ఏడుపు రాలేదు, రోత పుట్టింది.

చివరికి సందు మొగలో ఆగింది.

"నేనొస్తానక్కా" అంది బహీజా, అడక్కుండానే. "నాకు పోయేదేముంది? ఉద్యోగమా?"

ఆ రాత్రి రౌహియా తృప్తిగా అన్నం తింది.

కోర్టు జిల్లా కేంద్రంలో. పొద్దున్నే బస్సు దగ్గర బహీజా కనిపించలేదు. పిల్లలకు వండి పెట్టి వెనక బస్సులో వస్తుందిలే అనుకుంది రౌహియా. నిజంగానే వచ్చింది. వచ్చి తమ బెంచీ దగ్గరకు రాకుండా వెనక వరసలో కూర్చుంది. జనం ఎక్కువగా ఉన్నారు కదా అనుకుంది రౌహియా. మంచివాళ్లతో వచ్చిన చిక్కే అది, ఎదుటివాళ్ల తరఫున సాకులు కూడా వాళ్లే వెతికి పెడతారు.

ముందు ఫిక్రీ తరఫున హాజీ జగ్లూల్‌ను పిలిచారు. దేవుడి మీద ప్రమాణం చేసి చెప్పాడు. చావిట్లో అందరూ కూడిన మాట నిజం. ఫాతిహా చదివిన మాట నిజం. తన తల్లి నలభయ్యో రోజుకు చదివారు. ఇరుపక్షాలకూ సామరస్యంగా ఉండమని సలహా ఇచ్చాడు, అంతే.

అబద్ధం ఎక్కడుందో చూపించమంటే చూపించలేం. తల్లి కోసం చదివారు, నిజమే. రెండోది ఆయన చెప్పలేదు. మెద్హత్ గుచ్చి గుచ్చి అడిగాడు. హాజీ జపమాల పూసలు ఒక్కొక్కటే జరుపుతూ, వయసైపోయిందయ్యా అన్నాడు.

తర్వాత బహీజా.

ఆమె నల్ల ముసుగు సరిచేసుకుంటూ వచ్చి బోనులో నిలబడింది. ప్రమాణంలో ఒక మాట వదిలేసింది. మళ్లీ చెప్పించారు.

"ఆ రోజు హాజీ గారి ఇంట్లో మీరున్నారా?" అని అడిగాడు మెద్హత్.

"ఉన్నానండి."

"ఫాతిహా చదివారా?"

"చదివామండి."

"దేని గురించి చదివారో కోర్టు వారికి చెప్పండి."

బహీజా బోను కర్రను పట్టుకున్న తన చేతుల వంక చూసుకుంది.

"హాజీ గారి అమ్మ గురించండి."

మెద్హత్ బోనుకు ఒక అడుగు దగ్గరకు జరిగాడు. "దాని తర్వాత ఇంకోసారి చదివారు కదమ్మా? దావా గురించి, కాగితాల గురించి మాట అనుకున్నాక?"

"నాకు ఒక్కసారే గుర్తుందండి."

"బాగా గుర్తు తెచ్చుకోండి. మీ పక్కనే రౌహియా గారు కూర్చున్నారు. మీరు గట్టిగా ఆమీన్ అన్నారు."

"చచ్చిపోయినావిడ కోసం అన్నానండి."

రౌహియా లేచి నిలబడింది. తను లేచానని ఆమెకు తెలియలేదు.

"బహీజా. ఇటు చూడు."

"కూర్చోండమ్మా" అన్నాడు జడ్జి. కోపంగా అనలేదు. రోజూ ఇలాంటివి చూసి చూసి అలిసిపోయిన గొంతు. బహీజా చూడలేదు. బోను దిగి, వెనక వరస కూడా దాటి, తలుపు తోసుకుని వెళ్లిపోయింది.

దావా కొట్టేశారు. ఒప్పందం ఉన్నట్టు రుజువు లేదు, రిజిస్ట్రేషన్ చెల్లుతుంది.

బయట మెట్ల మీద మెద్హత్ సిగరెట్ ముట్టించుకున్నాడు. ముందే చెప్పానుగా అంటాడని ఆమె ఎదురుచూసింది. అంటే తిరిగి ఏదో ఒకటి అనేసి గుండె బరువు దింపుకునేది. ఆయన అనలేదు.

"అప్పీలు చేయొచ్చు" అన్నాడు.

"ఎవరి తరఫున?"

"మీ తరఫున."

"నేనెవర్నండీ ఇప్పుడు?" అంది రౌహియా.

ఫిక్రీ తన వాళ్లతో దిగి వస్తూ ఆమె దగ్గర ఆగాడు. గెలిచిన సంబరం మొహంలో కనపడనివ్వలేదు. అదే ఎక్కువ మండించింది.

"కడుపులో ఏమీ పెట్టుకోకక్కా. బహీజాని పనిలోకి తీసుకోవాలనేగా నువ్వు ఇన్నాళ్లూ పోరింది? శనివారం నుంచి రమ్మన్నారు. నేనే మాట్లాడి ఒప్పించాను. సంఘం నువ్వు నడిపితేనేం, నేను నడిపితేనేం, పని జరగడం ముఖ్యం."

లెక్కకు అది నిజం. ఆమె అడిగిందంతా అయింది. బహీజా పనిలోకి వస్తుంది, పిల్లలు తింటారు, చేతుల మీద కొత్త మచ్చలు పడవు. ఆమె కోరింది ఆమె చేతిలోంచి లాక్కుని, ఆమె కళ్ల ముందే, ఆమె మీద ఉమ్మి మరీ ఇచ్చేశారు. సంతోషించాలా? మనసులో ఎంత వెతికినా ఆమెకు సంతోషం దొరకలేదు. తిరుగు బస్సులో ముసుగు కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. పక్క సీటు ముసలావిడ ఎవరు పోయారమ్మా అని అడిగింది. ఎవరూ పోలేదని చెప్పింది.

శనివారం పొద్దున సందు మొగలో బాణలి లేదు. మిల్లు జనం చుట్టు తిరక్కుండా ఆ సందులోంచే పోయారు.

దూది విభాగంలో మనుషులు నిండారని బహీజాను నేత విభాగంలోకి పంపారు. మేస్త్రీ కావాలని చేశాడో, ఖాళీ అక్కడే ఉందో, రౌహియా ఎదురు వరసలో మగ్గం ఇచ్చాడు. తలెత్తితే ఒకరి మొహం ఒకరికి కనపడుతుంది. నేత విభాగంలో మగ్గాల మోతకు మాట వినపడదు. అందుకని అక్కడివాళ్లు గొంతు వాడరు, పెదవులు కదిపి మాట్లాడుకుంటారు. ఎదుటివాళ్లు చూసి చదువుకుంటారు. చూడకపోతే చెప్పినవాళ్లు ఎంత చెప్పినా చెప్పనట్టే.

పొద్దుట్నుంచీ రౌహియా తలెత్తలేదు. తన ఎదురుగా ఒక మనిషి తన చూపు కోసం కాచుకుని ఉందని ఆమెకు తెలుసు. చెప్పాల్సిన మాటలు కోర్టు మెట్ల మీద నుంచీ ఆమె నోట్లో నలుగుతూనే ఉన్నాయి. దొంగ సాక్ష్యం ముండా అన్నది వాటన్నిటిలోకీ మెత్తనిది. మధ్యాహ్నం టీకి ముందు, దారం కండె మార్చబోతూ తలెత్తింది. మరిచిపోయి ఎత్తిందో, ఎత్తాలనే ఎత్తిందో ఆమెకే తెలియదు.

బహీజా ఆమెనే చూస్తోంది. మొహం పీక్కుపోయి ఉంది. పెదవులు నెమ్మదిగా, ఒక్కొక్క మాటా విడివిడిగా కదిలాయి.

"నా చోట నువ్వుంటే ఏం చేసేదానివక్కా?"

రౌహియా ఇన్ని తిట్లు పోగేసుకుంది గానీ ఆ ప్రశ్న మాత్రం ఆమెకు తట్టలేదు. తన పిల్లలు గుర్తొచ్చారు. లేదు, నేనైతే అబద్ధం చెప్పేదాన్ని కాదు అని పెదవుల దాకా వచ్చింది. వచ్చి ఆగిపోయింది. నిజమో కాదో తెలియని మాట ఆ పూట తన నోటితో తాను అనదలచుకోలేదు.

"నీ మగ్గం ఆగింది. చూసుకో" అని పెదవులు కదిపి, రౌహియా తన మగ్గం వైపు తిరిగింది.